గింజలో మూడు తరాలు

పోయిన సంచికలో పైన్ చెట్టు గురించి నాలుగు మాటలు రాశాను. ఈసారి వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా దాని మీదే ఉన్నాయి. పువ్వు పూయని చెట్టుకు గింజ ఎలా వస్తుందన్నదే అందరి సందేహం. 30 ఏళ్లు వృక్షశాస్త్రం పాఠాలు చెప్పాను. వాటన్నిటిలో నాకు బాగా ఇష్టమైన పాఠం ఇది. అందుకే ఈసారి పేజీ అంతా దీనికే కేటాయిస్తున్నాను.

ప్రశ్న: వివృతబీజాలంటే గింజకు తొక్క లేని మొక్కలని పరీక్షలో రాశాను. మా మేడం కొట్టేశారు. వివృతం అంటే తెరిచి ఉన్నదనే కదా అర్థం? పువ్వూ కాయా లేకుండా గింజ ఎలా తయారవుతుందో మొదటి నుంచి చెప్పండి.
— డిగ్రీ మొదటి సంవత్సరం విద్యార్థిని

జవాబు: మేడం కొట్టేయడం సరైనదే తల్లీ. అయినా తప్పంతా నీది కాదు. ‘నగ్నబీజాలు’ అని ఒక్క మాటలో చెప్పి పాఠం ముందుకు వెళ్లిపోతే ఎవరైనా అలాగే అనుకుంటారు. ఏటా నా క్లాసులోనూ కొందరు ఇదే రాసేవాళ్లు.

పైన్ గింజకు తొక్క ఉంటుంది. పంటితో కొరికితే పన్ను నొప్పి పుట్టేంత గట్టి పెంకు అది. లేనిది తొక్క కాదు, గింజ చుట్టూ కట్టిన గది. చిక్కుడు కాయను ఒలిచి చూడు. గింజలు కాయ లోపల ఉంటాయి. ఆ కాయ ఒకప్పుడు పువ్వులోని అండాశయం. గింజ కాబోయే అండాలు పుట్టినప్పటి నుంచి ఆ గదిలోనే ఉన్నాయి. పుప్పొడి వాటిని నేరుగా తాకలేదు. కీలాగ్రం (పువ్వులో పుప్పొడి అందుకునే కొస) మీద వాలి, అక్కడి నుంచి నాళం పంపాల్సిందే. పైన్‌లో, సైకస్‌లో ఆ గది లేదు. అండం ఒక పొలుసు మీదో ఆకులాంటి భాగం మీదో ఆరుబయట కూర్చుంటుంది. గాలిలో వచ్చిన పుప్పొడి తిన్నగా అండం ముఖద్వారం దగ్గరికే చేరుతుంది. వివృతం అన్నది ఈ అర్థంలో. పూలమొక్కలకూ వీటికీ ఉన్న ఈ తేడాను 1820లలో రాబర్ట్ బ్రౌన్ స్పష్టంగా చూపించాడు. కణంలో కేంద్రకానికి పేరు పెట్టిన బ్రౌన్ ఆయనే.

ఇక పైన్ చెట్టు కథ. శంకువు అని పుస్తకంలో ఉండేది మనం మామూలుగా పైన్ కోన్ అనేదే. చెట్టుకు రెండు రకాల శంకువులు వస్తాయి. మగవి చిన్నవి, మెత్తనివి, గుత్తులుగా ఉంటాయి. పుప్పొడి రాల్చి కొద్ది రోజుల్లోనే ఎండిపోతాయి. గట్టిబడి ఏళ్ల తరబడి ఉండేవి ఆడ శంకువులు. కానీ పుప్పొడి అందుకునే సమయానికి ఆడ శంకువు వేలి కొనంత కూడా ఉండదు. లేత ఎరుపు రంగులో, కొమ్మ చివర నిటారుగా నిలబడి ఉంటుంది. దాని పొలుసులు ఒకదానికొకటి కాస్త ఎడంగా ఉంటాయి. ప్రతి పొలుసు పైభాగాన, మొదలు దగ్గర, పక్కపక్కనే రెండు అండాలు. వాటి ద్వారాలు శంకువు నడిమి కాడ వైపు తిరిగి ఉంటాయి.

ఇక్కడ కొంచెం ఆగుతాను, ఎందుకంటే దీన్ని నా కళ్లతో చూశాను. నేను చదువుకునే రోజుల్లో ఒక వసంతకాలపు తెల్లవారుజామున లేత శంకువు పొలుసును సూదితో పక్కకు వంచి భూతద్దంలో చూశాను. అండద్వారానికి అటూ ఇటూ చిన్న చేతుల్లాంటి రెండు కొమ్ములు ఉన్నాయి. ఆ రెండింటి మధ్య ఒక ద్రవపు బొట్టు మెరుస్తోంది. మంచు అనుకుని తుడిచాను. పక్క అండం మీదా సరిగ్గా అదే చోట అలాంటి బొట్టే ఉంది. మంచు బొట్టు ఎక్కడపడితే అక్కడ కూర్చుంటుంది కానీ, ఇలా ప్రతి అండానికీ ద్వారం దగ్గరే కూర్చోదు. అది చెట్టే ఊరించిన బొట్టు. అందులో చక్కెరలు ఉంటాయి. గాలిలో వచ్చిన పుప్పొడి రేణువు ఆ కొమ్ములకు అంటుకుని బొట్టులో పడుతుంది. పైన్ పుప్పొడి రేణువుకు రెండు పక్కలా గాలి సంచులు ఉంటాయి. గాలిలో ఎగరడానికే అని మనం చదువుకుంటాం. బొట్టులో తేలి పైకి రావడానికి కూడా అవి పనికొస్తాయి. అండం ద్వారం కిందికి చూస్తూ ఉంటుంది కాబట్టి, బొట్టులో తేలడమంటే లోపలికి వెళ్లడమే. తర్వాత బొట్టు లోపలికి ఇంకిపోతుంది, రేణువును తనతో తీసుకుపోతుంది. ఆపైన పొలుసులు లావెక్కి, ఒకదానికొకటి గట్టిగా హత్తుకుని, శంకువు మూసుకుంటుంది.

నీ నోట్సులో దీని తర్వాతి వాక్యం ‘పిమ్మట ఫలదీకరణ జరుగును’ అని ఉండి ఉంటుంది. ఆ ‘పిమ్మట’ అనే మాట వెనక ఏడాది కాలం ఉందని ఎవరూ చెప్పరు. స్కాట్స్ పైన్ అనే జాతినే తీసుకుందాం. వసంతం చివర పుప్పొడి లోపలికి చేరుతుంది. అప్పటికి అండం లోపల స్త్రీబీజం అనేదే లేదు. అసలు దాన్ని తయారుచేసే కణజాలం కూడా లేదు. పెళ్లివారు వచ్చేసరికి పెళ్లికూతురు ఇంకా పుట్టలేదన్నమాట. పుప్పొడి నుంచి నాళం మొలిచి, అండాంతఃకణజాలంలోకి కొంచెం దిగి, ఆగిపోతుంది. ఈలోగా అండం మధ్యలో ఒక పెద్ద కణం క్షయకరణ విభజన (క్రోమోజోముల సంఖ్య సగమయ్యే విభజన) చెంది నాలుగు కణాలవుతుంది. ఇవే స్థూలసిద్ధబీజాలు. వాటిలో మూడు నశిస్తాయి, ఒక్కటే మిగులుతుంది. ఆ ఒక్కదాని కేంద్రకం మధ్యలో గోడలు కట్టకుండానే విభజన చెందుతూ పోతుంది. చలికాలం వస్తుంది, అన్నీ ఆగిపోతాయి. మళ్లీ వసంతం రాగానే విభజన ఊపందుకుని కేంద్రకాల సంఖ్య దాదాపు 2000కి చేరుతుంది. అప్పుడు అంచుల నుంచి మధ్యలోకి గోడలు పడతాయి. ఇలా ఏర్పడిన తెల్లటి ముద్దే స్త్రీ సంయోగబీజదం. ఈ మాట గుర్తుపెట్టుకో, కింది ప్రశ్నకు జవాబంతా దీనిలోనే ఉంది.

ఆ ముద్దలో అండద్వారం వైపు కొసన ఆర్కిగోనియాలు, అంటే స్త్రీబీజం తయారయ్యే చిన్న గూళ్లు, ఏర్పడతాయి. పైన్‌లో సాధారణంగా రెండు మూడు ఉంటాయి. ఒక్కొక్కదానిలో ఒక పెద్ద స్త్రీబీజం. ఏడాది పాటు ఆగిన పుప్పొడి నాళం ఇప్పుడు మళ్లీ కదిలి స్త్రీబీజాన్ని చేరుతుంది. రెండు పురుషబీజాల్లో ఒకటి స్త్రీబీజంతో కలుస్తుంది, రెండోది నశిస్తుంది. పుప్పొడి చేరిన రోజుకూ ఈ రోజుకూ మధ్య దాదాపు 12 నెలలు గడిచిపోయాయి.

తర్వాత జరిగేది నన్ను ఇప్పటికీ ఆశ్చర్యపరుస్తుంది. ఒకే అండంలో రెండు మూడు స్త్రీబీజాలున్నాయి కదా, అవన్నీ ఫలదీకరణ చెందవచ్చు. పైగా పైన్‌లో ఒక్కో పిండం మళ్లీ నాలుగుగా చీలుతుంది. దీన్ని బహుపిండత అంటాం. పిండాల వెనక ఉన్న పొడవాటి కణాలు సాగి సాగి, వాటిని తెల్లటి ఆహారపు ముద్దలోకి లోతుగా తోస్తాయి. చివరికి ఒక్క పిండమే ముందుకు పోయి పెరుగుతుంది, మిగిలినవి చితికిపోతాయి. గెలిచిన పిండానికి వేరు కొస, కాండం కొస, బీజదళాలు ఏర్పడతాయి. బీజదళాలు ఒకటీ రెండూ కాదు, చాలా పైన్ జాతుల్లో అరడజనుకు పైనే. మొలకెత్తిన పైన్ మొక్కను చూస్తే ఆకుపచ్చ గొడుగు విప్పినట్టు ఉంటుంది. అండకవచం గట్టిబడి పెంకు అవుతుంది. పొలుసు పైపొర నుంచి పలచటి రేకు ఊడి గింజకు రెక్కగా అతుక్కుని వస్తుంది. రెండో ఏడాది శరత్కాలానికి గింజ పండుతుంది. అది రాలడానికి స్కాట్స్ పైన్‌లో మూడో వసంతం రావాలి.

ఈసారి పరీక్షలో ‘అండాశయపు గోడ లేకుండా అండాలు బయటికి తెరిచి ఉన్న మొక్కలు’ అని రాయి. మార్కు కొట్టేసే వీలే ఉండదు.

ప్రశ్న: పైన్ గింజలోని తెల్లటి ఆహార పదార్థాన్ని కొన్ని పుస్తకాలు అంకురచ్ఛదం అంటున్నాయి. పూలమొక్కల్లో ఉండేదీ అంకురచ్ఛదమే. రెండూ ఒకటేనా? పిల్లలు అడిగితే సరిగ్గా చెప్పలేకపోయాను.
— హైస్కూలు జీవశాస్త్ర ఉపాధ్యాయుడు

జవాబు: రెండూ ఒకటి కాదండీ. చేసే పని ఒకటే, పుట్టుక వేరు. పాత పుస్తకాలు రెండింటికీ ఒకే పేరు పెట్టి చాలా మందిని తికమక పెట్టాయి. నా మట్టుకు వివృతబీజాల విషయంలో ఆ పేరు వాడటం మానేయడమే మంచిదనిపిస్తుంది.

పూలమొక్కల్లో రెండు కలయికలు జరుగుతాయి. ఒక పురుషబీజం స్త్రీబీజంతో కలిస్తే పిండం. రెండోది పిండకోశం మధ్యలో ఉన్న రెండు కేంద్రకాలతో కలిస్తే అంకురచ్ఛదం. అంటే సాధారణంగా అది త్రయస్థితికం (క్రోమోజోముల ప్రతులు మూడు), అందులో తండ్రి వాటా కూడా ఉంది. ఫలదీకరణ జరిగాకే ఆహారం కూడుతుంది. పైన్‌లో వరస ఇది కాదు. ఆ తెల్లటి ముద్ద ఫలదీకరణకు ముందే ఉంది. అది స్త్రీ సంయోగబీజదం, ఏకస్థితికం (ఒకే ప్రతి). తండ్రి వాటా అందులో ఏమీ లేదు. బిడ్డ కడుపున పడకముందే తల్లి వంటిల్లు కట్టిపెట్టినట్టు. ఫలదీకరణ జరగకపోతే ఆ కట్టిన వంటిల్లంతా వృథా. ఫలదీకరణ అయ్యాకే ఆహారం కూడబెట్టే పూలమొక్కలకు ఇక్కడ ఎంత పొదుపు కలిసొచ్చిందో పిల్లలకు చెప్పవచ్చు.

పిల్లలకు చూపించడానికి ఒక పెంకు తీయని పైన్ గింజ చాలు. రాత్రంతా నీళ్లలో నానబెట్టి, పెంకు జాగ్రత్తగా పగలగొట్టి, లోపలి పప్పును నిలువునా బ్లేడుతో చీల్చండి. మధ్యలో పొడవాటి సన్నని గాడి, అందులో పుల్లలాంటి పిండం కనిపిస్తాయి. సూది మొనతో నెమ్మదిగా లేపితే పిండం మొత్తంగా బయటికి వస్తుంది. ఒక కొసన బీజదళాలు కుంచె వెంట్రుకల్లా దగ్గరగా చేరి ఉంటాయి. ఇప్పుడు మూడు భాగాలు విడివిడిగా పెట్టండి. పెంకు తల్లి చెట్టు శరీరంలో భాగం, ద్వయస్థితికం (రెండు ప్రతులు). తెల్లటి పప్పు ఆ తల్లి చెట్టుకు పుట్టిన చిన్న ఆడ మొక్క, ఏకస్థితికం. అది జీవితమంతా అండం లోపలే గడిపేసింది. దానికి పుట్టిన బిడ్డ మధ్యలోని పిండం, మళ్లీ ద్వయస్థితికం. బల్ల మీద ఒకే గింజ, అందులో అమ్మమ్మ, అమ్మ, బిడ్డ. నాచు మొక్కల్లో, ఫెర్నుల్లో కనిపించే తరాల మార్పిడే ఇక్కడ గింజ లోపలికి ఒదిగిపోయింది. ఈ మొక్కలన్నిటినీ ఒక్క తాటి మీదికి తెచ్చి చూపినవాడు విల్‌హెల్మ్ హోఫ్‌మైస్టర్, 1851లో.

ఈ పప్పు ఏకస్థితికం కావడం వల్ల పెద్ద ఉపయోగమే కలిగింది. లాబ్లాలీ పైన్ జన్యుపదార్థాన్ని పూర్తిగా చదివి 2014లో ప్రచురించారు. దాదాపు 2200 కోట్ల అక్షరాలు, మనిషిలో ఉన్నదానికి ఏడు రెట్లు. తల్లి ప్రతి, తండ్రి ప్రతి కలిసిపోయి ఉంటే అంత పెద్ద పుస్తకాన్ని పేర్చడం చాలా కష్టం. అందుకని ఆ పనిలో ముఖ్యమైన భాగానికి ఒకే ఒక్క గింజలోని ఈ తెల్లటి పప్పును వాడారు. అందులో ఒక్క ప్రతే ఉంటుంది కదా.

ఎఫిడ్రా అనే మరో వివృతబీజ మొక్క సంగతి కూడా మీ పిల్లలు అడగవచ్చు. అందులో రెండో పురుషబీజం కూడా ఒక కేంద్రకంతో కలుస్తుంది. కానీ దాని వల్ల వచ్చేది అంకురచ్ఛదం కాదు, అదనపు పిండం. ఆహారం మాత్రం అక్కడా స్త్రీ సంయోగబీజదం నుంచే.

ప్రశ్న: చెట్లలో ఈదే శుక్రకణాలు ఉంటాయని ఎక్కడో చదివాను. నిజమేనా, అతిశయోక్తా?
— రిటైర్డ్ ఇంజినీరు

జవాబు: నిజమేనండీ. గింకో అనే చెట్టులోనూ, సైకాడ్లు అనే సైకస్ వంటి మొక్కలన్నిటిలోనూ ఉంటాయి. పైన్‌లో ఉండవు.

దీన్ని మొదట చూసినవాడు హిరాసె సకుగోరో, 1896లో. పెద్ద డిగ్రీలున్న శాస్త్రవేత్త కాదు. టోక్యో విశ్వవిద్యాలయంలో బొమ్మలు గీసే ఉద్యోగంలో చేరి, సూక్ష్మదర్శిని పని నేర్చుకున్నవాడు. కోయిషికావా ఉద్యానవనంలోని గింకో చెట్టు అండాలను కోసి చూస్తూ పోయాడు, ఒకరోజు కదిలే కణం కంటపడింది. అదే ఏడాది ఇకెనో సెయిచిరో సైకస్‌లోనూ చూశాడు. మరుసటి ఏడాదే హెర్బర్ట్ వెబర్ జామియా అనే మరో సైకాడ్‌లో చూశాడు. 1912లో హిరాసె, ఇకెనో ఇద్దరికీ జపాన్ అకాడమీ బహుమతి ఇచ్చింది. ఆ గింకో చెట్టు ఇంకా ఉంది. ఆ కణాన్ని చూసిన క్షణం ఆయనకు ఎలా అనిపించి ఉంటుందో అని నేను చాలాసార్లు అనుకుంటాను.

గింకోలో కూడా పుప్పొడి వసంతంలోనే బొట్టుతో లోపలికి వెళ్తుంది. నాళం మొలుస్తుంది కానీ స్త్రీబీజం దగ్గరికి పురుషబీజాన్ని మోసుకుపోదు. వేళ్లలాగా కొమ్మలు వేసి అండకణజాలం నుంచి ఆహారం పీలుస్తుంది. నాలుగైదు నెలలు అదే పని. తర్వాత దాని మొదలు ఉబ్బి పగులుతుంది. ఆర్కిగోనియాల మీద చేరిన కాస్త ద్రవంలోకి రెండు శుక్రకణాలు విడుదలవుతాయి. ఒక్కోదానికి సర్పిలాకారంలో అమర్చిన కశాభాలు (ఈదడానికి తోడ్పడే సన్నని పోగులు) వెయ్యి దాకా ఉంటాయి. ఈదే దూరం చాలా తక్కువ. జామియా శుక్రకణం అయితే సూక్ష్మదర్శిని లేకుండానే చుక్కలా కంటికి ఆనేంత పెద్దది. నీళ్లలో ఈదుతూ కలుసుకునే ఫెర్నుల పద్ధతికీ, నీటి అవసరం లేని పైన్ నాళానికీ నడుమ ఈ రెండు రకాల చెట్లు నిలబడి ఉన్నాయి. చెరువు అక్కర్లేదు, తమకు కావలసిన నీటి చుక్కను అండం లోపలే తయారుచేసుకున్నాయి.

ప్రశ్న: మేం కుండీలో పెంచుతున్న సైకస్‌కు నారింజ రంగు గింజలు వచ్చాయి. చుట్టుపక్కల ఎక్కడా మరో సైకస్ లేదు. నాటితే మొలుస్తాయా?
— గృహిణి

జవాబు: మొలవకపోవచ్చునమ్మా. సైకస్‌లో ఆడ మొక్క వేరు, మగ మొక్క వేరు. మీది ఆడ మొక్క. సైకస్ అండం మొక్కల ప్రపంచంలోనే అతి పెద్దది. పుప్పొడి అందకపోయినా ఉబ్బి, రంగు తిరిగి, అచ్చం గింజలాగే కనిపించగలదు. ముందు చెప్పాను కదా, వంటిల్లు కలయికకు ముందే కట్టేస్తుంది. లోపల ఆహారం ఉంటుంది, తినే బిడ్డ ఉండదు. ఒకటి కోసి చూడవచ్చు. కానీ సైకస్‌లో గింజ రాలేనాటికి పిండం బాగా చిన్నదిగా ఉండి ఆ తర్వాత కూడా పెరుగుతుంది, కాబట్టి కనిపించలేదని వెంటనే పారేయకండి. నీళ్లలో వేసి మునిగితే మంచిదని కొందరు చెబుతారు. సముద్రతీరాల్లో పెరిగే కొన్ని సైకస్ జాతుల గింజల్లో స్పాంజిలాంటి పొర ఉంటుంది, అవి మంచివైనా తేలుతాయి. కాబట్టి ఆ పరీక్షను పూర్తిగా నమ్మకండి.

దీనికంటే ముఖ్యమైన మాట ఒకటుంది. సైకస్ గింజలు విషం. పిల్లలకూ పెంపుడు కుక్కలకూ అందకుండా చూడండి. కోసిన చేతులు కడుక్కోండి.

ప్రశ్న: ఎండిపోయిన పైన్ కోన్‌ను నీళ్లలో పడేస్తే కాసేపటికి ముడుచుకుపోయింది. ఆరాక మళ్లీ విచ్చుకుంది. అది ఇంకా బతికే ఉందా?
— ఏడో తరగతి విద్యార్థి

జవాబు: బతికి లేదు బాబూ. కానీ చచ్చిపోయాక కూడా పని చేసేలా తయారైంది. ఒక్కో పొలుసులో రెండు పొరలు ఉంటాయి. కింది వైపు పొర నీళ్లు తగిలితే బాగా సాగుతుంది, పై వైపు పొర అంతగా సాగదు. కింది భాగం సాగితే పొలుసు మొత్తం పైకి, లోపలికి వంగుతుంది. ఆరితే వెనక్కి విచ్చుకుంటుంది. వానలో గింజ రాలితే రెక్క తడిసి చెట్టు కిందే పడిపోతుంది. పొడి రోజున విచ్చుకుంటే గాలికి దూరం పోతుంది. లాడ్జ్‌పోల్ పైన్, జాక్ పైన్ వంటి చెట్లలో కొన్ని శంకువులు ఎండినా విచ్చుకోవు. వాటి పొలుసులను జిగురు అంటించి ఉంచుతుంది. అడవికి నిప్పంటుకుని ఆ వేడికి జిగురు కరిగితేనే గింజలు బయటపడతాయి. అప్పటికి కింద నేల ఖాళీగా, బూడిదతో సిద్ధంగా ఉంటుంది.

నీ దగ్గరున్న కోన్ బాగా ఆరనిచ్చి, ఒక పొలుసును కింద నుంచి పట్టి వంచి, దాని పైభాగం మొదలు దగ్గర చూడు. పక్కపక్కనే రెండు చిన్న గుంటలు, వాటి పైన పలచటి రెక్కల అచ్చులు కనిపిస్తాయి. రెండేళ్లు గింజలు పడుకున్న చోటు అదే. మధ్య పొలుసులన్నిటి మీదా రెండేసి ఉన్నాయో లేదో లెక్కపెట్టి నాకు రాయి.